లక్డారం దారిలో అమూల్య మల్లాది

లింగంపల్లి దాటి, భెల్ టౌన్‌షిప్ చెట్లు కూడా వెనక్కి పోయాక గానీ ముంబై రహదారి అసలు రూపం బయటపడదు. రామచంద్రాపురం, బీరంగూడ, పటాన్‌చెరు, ముత్తంగి, ఇస్నాపూర్, రుద్రారం. ఏ స్టేజీలో చూసినా ఎవరో ఒకరి చేతిలో టిఫిన్ డబ్బా, మెడలో కంపెనీ కార్డు. మందులు, రసాయనాలు, రంగులు, ఇనుము, ప్లాస్టిక్కు, ఆఖరికి కంకర. ఈ దారిలో తయారుకానిది ఏదో చెప్పడమే కష్టం. మామిడికాయ ముమ్మరంగా దిగే మే నెలలో, ఎండ ముదరకముందే లక్డారం బయలుదేరిన ఒక పాఠకుడి సంచిలో నీళ్ల సీసాతో పాటు రెండు ఇంగ్లిష్ నవలలున్నాయి. రెండూ అమూల్య మల్లాది రాసినవే.

కంకర మిషన్ల ఊరికి నవలలు మోసుకుపోవడమేమిటని ఎవరైనా అడగొచ్చు. అందులో ఒక నవల రసాయన కర్మాగారం నుంచి విషవాయువు వెలువడిన రాత్రితో మొదలవుతుంది. రెండోది హైదరాబాదులో ఆవకాయ పెట్టే రోజుల్లో నడుస్తుంది. విషపు గాలీ, మామిడికాయా ఒకే రోడ్డు మీద ఎదురయ్యే చోటు తెలుగు నేల మీద ఏదైనా ఉందంటే అది పటాన్‌చెరు నుంచి సంగారెడ్డి దాకా ఉన్న ఈ పట్టీయే. ఆ మధ్యలో ఉంది లక్డారం.

అమూల్య మల్లాది 1974లో మధ్యప్రదేశ్‌లోని సాగర్‌లో పుట్టారు. తండ్రి సైన్యంలో అధికారి కావడంతో బాల్యం ఊళ్లు మారుతూ గడిచింది. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో ఎలక్ట్రానిక్స్ ఇంజనీరింగ్ చదివారు. అక్కడి నుంచి అమెరికా వెళ్లి, తెలుగు ఇంజనీర్లు సాధారణంగా చేయని పని చేశారు. మెంఫిస్ విశ్వవిద్యాలయంలో జర్నలిజంలో ఎం.ఎ. చదివారు. సిలికాన్ వ్యాలీలో ఉద్యోగం చేశారు, డెన్మార్క్ దేశస్థుణ్ని పెళ్లాడి చాలా ఏళ్లు అక్కడే ఉన్నారు, తర్వాత మళ్లీ కాలిఫోర్నియా చేరుకున్నారు. తొలి నవల ‘ఎ బ్రెత్ ఆఫ్ ఫ్రెష్ ఎయిర్’ 2002లో వచ్చింది. మరుసటి ఏడాది ‘ద మ్యాంగో సీజన్’, 2004లో ‘సర్వింగ్ క్రేజీ విత్ కర్రీ’, 2005లో ‘సాంగ్ ఆఫ్ ద కుకూ బర్డ్’. నాలుగేళ్లలో నాలుగు నవలలు. ఆ తర్వాత వేగం తగ్గింది గానీ రచన ఆగలేదు.

అమెరికాలో తెలుగువాళ్ల సంఖ్యనూ, వాళ్లలో ఇంగ్లిష్ నవలలు రాసేవాళ్ల సంఖ్యనూ పక్కపక్కన పెడితే ఈ రచయిత్రి ఎంత అరుదో తెలుస్తుంది. సాఫ్ట్‌వేర్ కొలువులకు మన ఇళ్ల నుంచి లక్షల్లో వెళ్లారు. నవలాకారులుగా నిలబడినవాళ్లను లెక్కపెట్టడానికి రెండు చేతుల వేళ్లు చాలు.

బస్సు బీరంగూడ దాటాక ఎడమ వైపు ఇక్రిశాట్ కంచె మొదలవుతుంది. జొన్న, సజ్జ, కంది, శనగ, వేరుశనగ పంటల మీద పరిశోధన చేసే ఈ అంతర్జాతీయ సంస్థ 1972లో ఇక్కడ వెలసింది. మెట్టపంటలకు ప్రపంచంలోకెల్లా పేరున్న పొలం ఇది. సరిగ్గా అదే దశాబ్దంలో దాని పొరుగున పారిశ్రామిక వాడ కూడా మొదలైంది. ఈ ప్రాంతం అప్పట్లో ఉన్న మెదక్ వెనుకబడిన జిల్లా కాబట్టి రాయితీలిచ్చారు, కర్మాగారాలు వరస కట్టాయి. ఒకవైపు కరువు నేలలో గింజ పండించే విద్య, మరోవైపు ఉన్న నీళ్లను పనికిరాకుండా చేసే పని. ఎవరో కావాలని కల్పించినట్టుంటుంది గానీ కల్పన కాదు.

పటాన్‌చెరు గురించి తెలుగు పత్రికలు రాసినన్ని వార్తలు మరే పారిశ్రామిక వాడ గురించీ రాసి ఉండవు. కర్మాగారాల వ్యర్థజలాలు నక్కవాగులోకి, అక్కడి నుంచి మంజీరలోకి చేరడం, చెరువుల్లో చేపలు తేలడం, బోర్లలో రంగునీళ్లు రావడం, పొలాలు చౌడుబారడం. ఇక్కడే వైద్యం చేస్తూ 1980ల నుంచి ఈ కాలుష్యం మీద పోరాడిన డాక్టర్ ఎ. కిషన్‌రావు పేరు ఈ ప్రాంతంలో ఇప్పటికీ గౌరవంగా తలుచుకుంటారు. 1990లో సుప్రీంకోర్టుకెక్కిన వ్యాజ్యం 2001లో హైకోర్టుకు బదిలీ అయింది. కోర్టులు నష్టపరిహారం ఇమ్మన్నాయి, తాగునీళ్లిమ్మన్నాయి. శుద్ధి చేసిన వ్యర్థజలాలను నగరం అవతలి అంబర్‌పేట దాకా పంపడానికి 18 కిలోమీటర్ల గొట్టం వేశారు.

2007లో స్వీడన్‌లోని గోథెన్‌బర్గ్ విశ్వవిద్యాలయానికి చెందిన యోకిమ్ లార్సన్ బృందం ఒక పరిశోధన వ్యాసం ప్రచురించింది. పటాన్‌చెరులో దాదాపు 90 మందుల కంపెనీల వ్యర్థజలాలను శుద్ధి చేసే కేంద్రం నుంచి బయటికొచ్చే నీళ్లను ఆ బృందం పరీక్షించింది. లీటరు నీటిలో సిప్రోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయాటిక్ 31 మిల్లీగ్రాముల దాకా తేలింది. ఆ మందు వాడే రోగి రక్తంలో ఉండే మోతాదు కంటే అది ఎక్కువ. ఒక్క రోజులో ఆ నీళ్లతో పోయే సిప్రోఫ్లాక్సాసిన్ సుమారు 45 కిలోలు. స్వీడన్ దేశమంతా అయిదు రోజుల్లో మింగే మందు అంత. శుద్ధి చేశాక బయటికొచ్చిన నీళ్ల సంగతి ఇది. మందులకు లొంగని సూక్ష్మజీవుల గురించి ప్రపంచంలో ఎక్కడ చర్చ వచ్చినా పటాన్‌చెరు పేరు వినపడటం అప్పటి నుంచే.

ఈ నేపథ్యంలో ‘ఎ బ్రెత్ ఆఫ్ ఫ్రెష్ ఎయిర్’ తెరిస్తే అది దూరదేశపు పుస్తకంలా అనిపించదు. 1984 డిసెంబరు తొలి రోజుల్లో, ఒక రాత్రి భోపాల్ రైల్వేస్టేషన్. సైనికాధికారి భార్య అంజలి రైలు దిగి, తీసుకెళ్లడానికి రావలసిన భర్త ప్రకాశ్ కోసం ఎదురుచూస్తుంటుంది. అతను సమయానికి రాడు. యూనియన్ కార్బైడ్ కర్మాగారం నుంచి మిథైల్ ఐసోసైనేట్ వస్తుంది. అంజలి బతుకుతుంది, ఆ పెళ్లి బతకదు. కొన్నేళ్లు గడుస్తాయి. అంజలి ఊటీలో టీచరు. రెండో భర్త సందీప్ ఆచార్యుడు, మంచివాడు. కొడుకు అమర్ గుండె, ఊపిరితిత్తులు పుట్టుకతోనే దెబ్బతిన్నాయి. తల్లి పీల్చిన గాలి బిడ్డ ఒంట్లో మిగిలిపోయింది. అప్పుడు ఆ ఊటీకే ప్రకాశ్ మళ్లీ పెళ్లి చేసుకుని, బదిలీ మీద వస్తాడు.

కథ చెప్పిన తీరులో ఒక తెలివైన ఎంపిక ఉంది. భోపాల్ మీద రాయాలనుకున్న ఎవరి చేయైనా ఆ రాత్రి వైపే లాగుతుంది. పరుగులు, శవాలు, ఆసుపత్రి వరండాలు. మల్లాది ఆ రాత్రిని కొద్ది పేజీల్లో ముగించి, ఏళ్ల తర్వాతికి, నీలగిరుల చల్లగాలిలోకి కథను తీసుకుపోయారు. అక్కడ గాలి శుభ్రంగా ఉంటుంది. అయినా బిడ్డకు ఆయాసమే. దుర్ఘటన జరిగినప్పుడు రచయిత్రికి పదేళ్లు. నవల అచ్చయ్యేనాటికి దుర్ఘటనకు పద్దెనిమిదేళ్లు. విషం వార్తాపత్రికలో పాతబడుతుంది గానీ ఒంట్లో పాతబడదన్న సంగతిని ఆమె ఉపన్యాసంలా చెప్పలేదు. ఇద్దరు మాజీ భార్యాభర్తలను ఒకే గదిలో కూర్చోబెట్టి, పక్క గదిలో దగ్గు వినిపించారు.

లోటు కూడా అక్కడే ఉంది. నవలలో కర్మాగారం ఒక చెడ్డ గాలిలా వచ్చి పోతుంది. దాన్ని నడిపినవాళ్లెవరు, అందులో పనిచేసినవాళ్లెవరు, ట్యాంకును చల్లబరిచే యంత్రం ఎందుకు ఆగి ఉంది అన్న ప్రశ్నల జోలికి రచయిత్రి పోలేదు. అంజలి అధికారి భార్య. కార్బైడ్ గోడ పక్క గుడిసెల్లోని మనిషి కాదు. ఆ గుడిసెల వైపు నుంచి రాసిన నవల 2007లో వచ్చింది. ఇంద్ర సిన్హా ‘యానిమల్స్ పీపుల్’. వెన్నెముక వంగిపోయి నాలుగు కాళ్ల మీద నడిచే కుర్రవాడు కథ చెబుతాడు. బుకర్ బహుమతి తుది జాబితా దాకా వెళ్లింది. రెండూ చదివినవాళ్లకు తేడా వెంటనే అర్థమవుతుంది. ఒకటి వీధిలోంచి అరుస్తుంది, ఒకటి ఇంట్లోంచి మాట్లాడుతుంది.

అమెరికా నవలకు ఈ విషయం కొత్తేమీ కాదు. డాన్ డెలిల్లో ‘వైట్ నాయిస్’లో ఒక రసాయనాల రైలు పెట్టె పగిలి, నల్లటి విషమేఘం ఊరి మీదికి వస్తుంది. హిట్లర్ మీద పాఠాలు చెప్పే ప్రొఫెసర్ పెళ్లాంబిడ్డలతో కారెక్కి పారిపోతాడు. ఆ పుస్తకం 1985 జనవరిలో మార్కెట్లోకి వచ్చింది. అంటే భోపాల్ జరిగిన కొన్ని వారాలకే. రాయడం మాత్రం అంతకుముందే అయిపోయింది. రిచర్డ్ పవర్స్ 1998 నాటి ‘గెయిన్’లో రెండు దారాలు పేనారు. ఒక సబ్బుల కంపెనీ పందొమ్మిదో శతాబ్దం నుంచి ఎలా పెరిగి రసాయన సామ్రాజ్యమైందన్నది మొదటిది. ఆ కంపెనీ ఊళ్లో ఉండే ఒక తల్లికి అండాశయ క్యాన్సర్ వచ్చి ఎలా పెరిగిందన్నది రెండోది. పటాన్‌చెరు గురించి ఎవరైనా నవల రాయదలిస్తే పవర్స్ దగ్గర కంపెనీ లెక్కలు రాయడం, మల్లాది దగ్గర ఇంటి లోపలి నిశ్శబ్దం రాయడం నేర్చుకోవాలి. ఒక్కరి దగ్గరే రెండూ దొరకవు.

ఇస్నాపూర్ చౌరస్తాలో బస్సు చాలాసేపు ఆగుతుంది. షిఫ్టు మారే వేళ. హిందీ బోర్డుల దుకాణాలు, ఒడియా, భోజ్‌పురి మాటలు, ఒక్కో గదిలో నలుగురైదుగురు అద్దెకుండే వరస ఇళ్లు. ఇక్కడి నుంచి లోపలికి పోతే పాశమైలారం పారిశ్రామిక వాడ. 2025 జూన్ 30న అక్కడ సిగాచి ఇండస్ట్రీస్ కర్మాగారంలో భారీ పేలుడు జరిగింది. మందుబిళ్లల తయారీలో వాడే సెల్యులోజ్ పొడిని తయారుచేసే చోటు అది. గల్లంతైనవాళ్లను కూడా కలుపుకుంటే 50 మందికి పైగా ప్రాణాలు కోల్పోయారు. వాళ్లలో ఎక్కువమంది బతుకుదెరువుకు దూర రాష్ట్రాల నుంచి వచ్చినవాళ్లు. గుర్తుపట్టడానికి డీఎన్‌ఏ పరీక్షలు చేయాల్సి వచ్చింది. కొందరి ఇళ్లవాళ్లకు చివరికి అప్పగించడానికి ఏమీ దొరకలేదు. భోపాల్ తెలియని కుర్రాళ్లకు కూడా ఈ దారిలో సిగాచి పేరు చెబితే చాలు, మాట తగ్గించి మాట్లాడతారు.

రుద్రారం దగ్గర దిగి లోపలికి ఆటో మాట్లాడుకోవాలి. డ్రైవరు లెక్కలేసుకుంటాడు.

“ఎవరింటికి పోవాలె సార్?”

“ఎవరింటికీ కాదన్నా. ఊరు చూద్దామని.”

“ఊర్ల ఏమున్నది సార్ సూసెతందుకు? గుంతలు, దుమ్ము.”

అతని మాటలో అతిశయం లేదు. ఊరు ఇంకా రాకముందే దుమ్ము వచ్చేస్తుంది. రోడ్డు పక్క వేపచెట్ల ఆకులు ఆకుపచ్చగా ఉండవు, పిండి చల్లినట్టు ఉంటాయి. ఎదురుగా కంకర నింపుకున్న టిప్పరు వస్తే ఆటోవాడు పక్కకు తప్పుకుని, అది వెళ్లాక కూడా రెండు క్షణాలు ఆగుతాడు. ముందు ఏముందో కనబడాలి కదా. నీళ్ల ట్యాంకరు ఒకటి రోడ్డు తడుపుతూ పోతోంది. ఎండకు ఆ తడి ఆరిపోవడానికి పట్టే సమయం, ఆ ట్యాంకరు మళ్లీ రావడానికి పట్టే సమయం ఒకటి కావు.

హైదరాబాదు చుట్టూ ఉన్న ఈ గ్రానైటు రాయి వయసు దాదాపు 250 కోట్ల ఏళ్లు. దాన్ని తవ్వి, పేల్చి, మిషన్లో వేసి నలగ్గొట్టి, సైజుల వారీగా జల్లెడ పట్టి అమ్ముతారు. పెద్ద కంకర, చిన్న కంకర, బేబీ చిప్స్, చివరికి డస్టు. ఇసుక దొరక్క రాతి పొడితోనే గోడలు లేపే రోజులొచ్చాక ఆ డస్టుకూ గిరాకీ పెరిగింది. గచ్చిబౌలిలో, కోకాపేటలో ముప్పై, నలభై అంతస్తులు లేచిన ప్రతిచోటా ఇలాంటి ఊళ్లలో ఒక గుట్ట తరిగి ఉంటుంది. గుట్ట అయిపోయాక కిందికి తవ్వుతారు. అలా దిగిన గుంతల్లో వాననీళ్లు నిలిచి, పైనుంచి చూస్తే లోతు తెలియకుండా పచ్చగా కనిపిస్తాయి. అంచున కంచె ఉన్నచోటు కంటే లేనిచోటే ఎక్కువ.

వేబ్రిడ్జి పక్కన చిన్న కొట్టు. చాయ్ పోస్తున్న పెద్దమ్మ గ్లాసులను బోర్లించి, వాటి మీద తడిగుడ్డ పరిచింది. ఆ గుడ్డ అంచు నల్లగా కాదు, తెల్లగా మాసింది. ఆమె కొట్టు ముందు నేలను చీపురుతో ఊడుస్తూనే ఉంది.

“పొద్దుగాల ఊడిస్తి బిడ్డా. మల్ల సూడు. పగటీలికి గింతే అయితది.”

“బ్లాస్టింగులు ఎప్పుడు చేస్తరు పెద్దమ్మా?”

“ఎప్పుడన్న జేస్తరు. ఇల్లు అదురుతది. మొదట్ల ఉలిక్కిపడేటోళ్లం. ఇప్పుడు దీపం కింద పడకుంటె చాలనుకుంటం.”

రాతి దుమ్ములో ఉండే సిలికా ఊపిరితిత్తుల్లో పేరుకుంటే వచ్చే జబ్బు సిలికోసిస్. అది రాత్రికి రాత్రి రాదు. ఏళ్లు పడుతుంది. వచ్చాక నయం కాదు, ముదరకుండా చూడటమే. చాలాచోట్ల దాన్ని టీబీ అనుకుని టీబీ మందులే వాడతారు. ఇలాంటి నెమ్మది నష్టం గురించే రాబ్ నిక్సన్ అనే అమెరికా ఆచార్యుడు 2011లో ‘స్లో వయొలెన్స్’ పేరుతో మొదలయ్యే పుస్తకం రాశాడు. పేలుడికి కెమెరాలొస్తాయి, దుమ్ముకు రావు. కథలు రాసేవాళ్లయినా ఆ పని చేయాలన్నది స్థూలంగా ఆయన వాదం. కొట్టు బల్ల మీద కూర్చుని ‘ఎ బ్రెత్ ఆఫ్ ఫ్రెష్ ఎయిర్’ మధ్య పేజీలు చదువుతుంటే మల్లాది ఆ పుస్తకం కంటే తొమ్మిదేళ్ల ముందే, ఏ సిద్ధాంతం పేరూ ఎత్తకుండా, ఆ పని సగం చేసేశారనిపిస్తుంది. అమర్ మంచం పక్క గడియలు లెక్కపెట్టుకునే తల్లి లక్డారంలో ఎవరికీ కొత్త మనిషి కాదు. పుస్తకం అట్ట మీద వేలితో గీస్తే గీత పడింది.

లక్డారం నుంచి మళ్లీ రహదారికెక్కి సంగారెడ్డి వైపు పోతే కంది వస్తుంది. ఐఐటీ హైదరాబాద్ 2008లో మొదలైంది, తొలినాళ్లలో ఎద్దుమైలారం ఆయుధ కర్మాగారం ఆవరణలో నడిచి, తర్వాత ఇక్కడ సొంత ప్రాంగణానికి మారింది. రుద్రారంలో గీతం విశ్వవిద్యాలయం ఉండనే ఉంది. ఈ గేట్లలోంచి బయటికొచ్చే పిల్లల్లో చాలామంది అమెరికా విమానం ఎక్కుతారు. మల్లాది రెండో నవల ‘ద మ్యాంగో సీజన్’ సరిగ్గా అలా ఎక్కిన ఒక అమ్మాయి తిరిగొచ్చిన కథ.

ప్రియ రావు ఇరవయ్యేళ్లకు అమెరికా వెళ్లి, ఏడేళ్ల తర్వాత మామిడికాయల కాలంలో హైదరాబాదు వస్తుంది. అమెరికాలో ఉండగానే నిక్ అనే అమెరికన్‌తో పెళ్లి నిశ్చయం చేసుకుంది. ఇంట్లో చెప్పలేదు. ఇంట్లోవాళ్లు ఈలోగా పెళ్లిచూపులు ఏర్పాటు చేసేశారు. ఆడవాళ్లంతా అమ్మమ్మ ఇంట్లో ఆవకాయకు చేరారు. తాతయ్య మాటే శాసనం. మేనమామ ఆనంద్ పెద్దలను కాదని మరాఠీ అమ్మాయి నీలిమను చేసుకున్నాడు కాబట్టి ఆమె ఆ ఇంట్లో ఉండీ లేనట్టే. రంగు తక్కువని పెళ్లి కుదరని పిన్ని సౌమ్య వంటింటికే అంకితం. నిక్ గురించి ప్రియ చెప్పని ఇంకో సంగతి చివరి పేజీల్లో బయటపడుతుంది. చదవబోయేవాళ్ల కోసం దాన్ని ఇక్కడ విప్పడం లేదు. మన ఇళ్లలో రంగు మీద ఉన్న పట్టింపును సౌమ్య ద్వారా ముందే చూపించి, చివర ఆ దెబ్బ కొట్టడం మాత్రం గట్టి పనితనం.

మే నెలలో సంగారెడ్డి మార్కెట్ దగ్గర ఆ నవలలోని పేజీలు రోడ్డు మీదే కనబడతాయి. కాయలు కొనేవాళ్లు ముందు ఒక ముక్క కోయించి నాలుక మీద పెట్టుకుంటారు. పులుపు చాలకపోతే ముఖం చిట్లించి పక్క బండికి పోతారు. పీచు గట్టిగా ఉండాలి, టెంక ముదిరి ఉండాలి. కాయ కొట్టేవాడు చెక్క పీటకు బిగించిన పెద్ద కత్తి కింద కాయ పెట్టి ఒక్క దెబ్బకు రెండు చేస్తాడు. రెంటికీ టెంక అంటుకుని ఉండాలి, అదీ లెక్క. మళ్లీ అడ్డంగా, నిలువుగా నాలుగు దెబ్బలు. లోపలి జీడి తీసిపారేసి, దాని కింది పల్చటి పొరను వేలితో గీకి, పొడిగుడ్డతో ముక్క ముక్కనూ తుడిచేది మాత్రం ఇంటి ఆడవాళ్లే. తడి తగిలిందా, జాడీ అంతా బూజు. ఆవపిండి, కారం, ఉప్పు పాళ్ల దగ్గర అత్తాకోడళ్ల మధ్య ఎన్ని మాటలు నడుస్తాయో చెప్పనక్కర్లేదు. సంగారెడ్డి ఇళ్లలో అల్లం వెల్లుల్లి పడకపోతే తొక్కు అనరు. నవలలోని బ్రాహ్మణ కుటుంబానికి అది పడదు.

అసలు సంగారెడ్డికి మామిడితో పాత బంధుత్వమే ఉంది. ఇక్కడి ఫల పరిశోధన స్థానంలో వందల రకాల మామిడి చెట్లున్నాయి. అది ఇప్పుడు కొండా లక్ష్మణ్ ఉద్యాన విశ్వవిద్యాలయం కింద నడుస్తోంది. రుమాని, నీలం రకాలను కలిపి రూపొందించిన పొట్టి రకానికి పక్కనే పారే నది పేరు పెట్టి ‘మంజీర’ అన్నారు. బంగినపల్లి తప్ప ఇంకో పేరు తెలియని నగరవాసి ఒకసారి వచ్చి చూడదగ్గ చోటు.

‘ద మ్యాంగో సీజన్’ మీద ఒక ఫిర్యాదు ఉంది, దాన్ని దాచనక్కర్లేదు. ఆ నవల తెలుగువాళ్ల కోసం రాసింది కాదు. మోండా మార్కెట్‌లో కూరల బేరం, పెళ్లిచూపుల తంతు, మడి, ఎంగిలి, ప్రతిదాన్నీ రచయిత్రి ఆగి ఆగి అమెరికా పాఠకుడికి వివరిస్తారు. నడుమ వంటల పద్ధతులు కూడా ఉన్నాయి. మన పాఠకుడికి ఆ వివరణలు అడ్డొస్తాయి. కానీ ఆ వంటింట్లో నలుగురు ఆడవాళ్లు కాయలు కొడుతూ, ఒకరినొకరు మాటలతో కొట్టుకునే ఘట్టాలు మాత్రం ఏ తెలుగు కథకురాలికీ తీసిపోవు.

మిగతా నవలల్లో ‘ఎ హౌస్ ఫర్ హ్యాపీ మదర్స్’ది ప్రత్యేకమైన సంగతి. 2016లో వచ్చింది. సిలికాన్ వ్యాలీలో పిల్లలు పుట్టని ప్రియ అనే మరొకామె ఒకవైపు, ఆమె బిడ్డను కడుపున మోసే పల్లెటూరి ఆశ మరోవైపు. ఆశకు డబ్బు కావాలి, చురుకైన కొడుకును మంచి బడిలో వేయాలి. అద్దె గర్భాల వ్యాపారంలో హైదరాబాదు పేరు అప్పటికే మారుమోగింది. తర్వాత 2021 చట్టం డబ్బుకు గర్భం అద్దెకిచ్చే పద్ధతిని నిషేధించింది. చట్టం మారినా ఆ కథ పాతబడలేదు. ఇస్నాపూర్ గదుల్లో నెలజీతాల లెక్కలేసుకునే ఆడవాళ్లను చూస్తే ఆశ చేసిన బేరం ఎందుకు చేసిందో వేరే చెప్పాల్సిన పనిలేదు. అంజలి కథలో కనిపించని కూలి మనిషి పద్నాలుగేళ్ల తర్వాత ఈ నవలలో, పేరుతో, కోపంతో, సగం కథకు యజమానిగా వచ్చింది. మల్లాది ఎదుగుదల తెలిసేది ఇక్కడే.

డెన్మార్క్‌లో ఉన్నప్పటి అనుభవం నుంచి వచ్చిన ‘ద సౌండ్ ఆఫ్ లాంగ్వేజ్’ 2007 నాటిది. అఫ్గాన్ శరణార్థి ఒకామె తేనెటీగలు పెంచే ఒంటరి డేన్ దగ్గర పని నేర్చుకుంటూ ఆ దేశపు భాష పట్టుకుంటుంది. 2017 నాటి ‘ద కోపెన్‌హేగెన్ ఎఫైర్’ తేలికగా చదివి పక్కన పెట్టేది. 2023లో ‘ఎ డెత్ ఇన్ డెన్మార్క్’తో ఆమె డిటెక్టివ్ నవలలోకి దిగారు. వీటన్నిటికంటే తెలుగు నేలకు దగ్గరైనది ‘సాంగ్ ఆఫ్ ద కుకూ బర్డ్’. భీమునిపట్నం సముద్రపు ఒడ్డున ‘తెల్ల మేడ’ అనే ఆశ్రమం, 1961లో అక్కడికొచ్చిన కోకిల అనే అనాథ పిల్ల, దేవత అవతారమని తండ్రి ప్రకటించిన చార్వి, ఎక్కడా చోటు దొరకనివాళ్లంతా చేరిన ఆ ఇంటి నాలుగు దశాబ్దాలు. ఆశ్రమాల మీద నవ్వులాటా, భక్తి పారవశ్యమూ రెండూ లేకుండా రాసిన ఇలాంటి పుస్తకం అరుదు.

మల్లాది పుస్తకాలు డచ్చి, జర్మన్, స్పానిష్, డేనిష్, రుమేనియన్, సెర్బియన్, తమిళ భాషల్లోకి వెళ్లాయి. పొరుగున తమిళం చదివింది. మన ప్రచురణకర్తలు ఏడాదికి ఎన్నో విదేశీ నవలలు తెలుగులోకి తెస్తున్నారు. భీమిలి, మోండా మార్కెట్, ఆవకాయ జాడీ ఉన్న పుస్తకాల వైపు కూడా వాళ్లు చూడాలి. ‘ఎ బ్రెత్ ఆఫ్ ఫ్రెష్ ఎయిర్’తో మొదలుపెడితే మంచిది. చిన్న నవల, అనువాదకుడికి పెద్ద చిక్కులుండవు, చదివేవాళ్లు పటాన్‌చెరులోనే బోలెడంతమంది ఉన్నారు. ఇంగ్లిష్‌లో చదవగలిగినవాళ్లు అంతదాకా ఆగక్కర్లేదు. ముందు అది, తర్వాత ‘సాంగ్ ఆఫ్ ద కుకూ బర్డ్’, ఆపైన ఆశ కథ. మామిడికాయల నవలను మాత్రం మే నెలకు అట్టిపెట్టుకోండి.